తోక చివర తెలుపు

ఆయన పోయిన పన్నెండో రోజున ఆయన భార్య నాకొక చెక్క పంపింది. పాత లుంగీలో చుట్టి, గాజువాక వచ్చే షేర్ ఆటో డ్రైవర్ చేతికిచ్చి, మా కాలేజీ గేటు దగ్గర దింపమని చెప్పింది. ఆ తర్వాత ఫోన్ చేసింది.

"అందిందేటమ్మా?"

"అందింది పిన్నీ. ఇది మీ దగ్గరే ఉంచుకోవాల్సింది."

"నా దగ్గరుంటే దానిమీద సేపలు కోసీగల్ను. నీకాడే ఉండనీ."

మూరెడు పొడవున్న టేకు పలక అది. ఒక అంచున ఉక్కు స్కేలు బిగించి ఉంది. సున్నా దగ్గర చిన్న అడ్డుపట్టీ. ఎలుక ముక్కు అక్కడ ఆనాలి. పట్టీ పక్కన చెక్క కాస్త గుంటపడి, నల్లగా నున్నబడింది. ముప్పై ఏళ్ళకు పైగా ఆయన ఎలుకలను కొలిచింది దీనిమీదే.

ఆయన ఓడరేవులో ఎలుకలు పట్టే ఉద్యోగి. ఓడల్లో సరుకుతోపాటు ఎలుకలు వస్తాయి. ఎలుకల ఒంటి మీది పురుగులతో జబ్బులు వస్తాయి. అందుకని గోడౌన్లలో బోనులు పెట్టి, పడిన ఎలుక ఏ జాతిదో, ఎంత ఉందో రాసి, ఒంటి మీది పురుగులు దువ్వి పరీక్షకు పంపాలి. నేను జంతుశాస్త్రంలో ఎమ్మెస్సీ చేసి, తాత్కాలిక సహాయకురాలిగా ఆ విభాగంలో రెండేళ్ళు పనిచేశాను. మా నాన్న గోదావరి జిల్లా నుంచి స్టీల్ ప్లాంటు ఉద్యోగానికి వచ్చినవాడు. ఉక్కునగరం క్వార్టర్ నుంచి రోజూ సిటీ బస్సులో వెళ్ళేదాన్ని. ఆయన జాలరి పేటలో పుట్టి, అక్కడే ఉండి, సైకిల్ మీద వచ్చేవారు. నన్ను వారం రోజులు మేడం అన్నారు. తర్వాత అమ్మా అన్నారు. నేను బాబాయ్ అన్నాను.

ఆయన బోను దగ్గరికి వెళ్ళిన తీరు చెప్పాలి. ముందు చేతి తొడుగుల్లోకి ఊది, చిల్లులేమైనా ఉన్నాయేమో చూసేవారు. ఒక్కో వేలూ సర్దుకునేవారు. తర్వాత బోను రేకు మీద వేలితో రెండుసార్లు తట్టేవారు. ఎందుకని అడిగాను.

"లోపలున్నోడికి సెప్పాల గదా, వత్తన్నానని."

ఆయన దగ్గర నేర్చుకున్న మొదటి విషయం తోక. "ముఖం సూత్తావేటి? తోక సూడు ముందు" అనేవారు. తోక ఒంటికంటే పొడవైతే అది పైకెక్కే ఎలుక. తాళ్ళ మీదా, దూలాల మీదా నడుస్తుంది, తోకతో ఒరిగిపోకుండా నిలదొక్కుకుంటుంది. తోక ఒంటికంటే పొట్టిదైతే అది తవ్వే ఎలుక. పందికొక్కు రెండో రకం. కోపం వస్తే వీపు మీది బిరుసు వెంట్రుకలు లేస్తాయి, గుర్రుమంటుంది. ఇంటి ఎలుకకు చెవులు పెద్దవి, ముందుకు మడిస్తే కళ్ళను కప్పుతాయి. ఇవన్నీ పుస్తకంలోనూ ఉన్నాయి. కానీ పుస్తకంలో ఉన్నాయని ఆయన ఎప్పుడూ చెప్పలేదు. పట్టుకుని చూపించేవారు.

గోడౌన్ గేటు దగ్గర ఒక గార్డు ఉండేవాడు. ఆయన చెక్క తీయగానే వచ్చి నిలబడేవాడు.

"ఏటి బావా, కొలతలు తీత్తన్నావు, దానికి సంబంధం సూత్తన్నావేటి?"

"సూసీసినాను బావా. మీ తమ్ముడికే. సెవులు సరిపోనాయి."

రోజూ ఇదే మాట. రోజూ ఇద్దరూ నవ్వేవారు.

నేను చేసిన తప్పు ఒకటి ఇక్కడ రాయాలి, ఎందుకంటే ఆయన నాకు అర్థమైంది దానితోనే. ఎలుక వెనక పాదం కొలవడానికి రెండు పద్ధతులున్నాయి. కొందరు గోరుతో కలిపి కొలుస్తారు, కొందరు గోరు వదిలేసి కొలుస్తారు. ఆయన వదిలేసేవారు. నేను కాలేజీలో చదివిన పుస్తకాన్ని బట్టి కలిపి కొలిచాను. అలా ఐదు నెలలు. ఇద్దరం ఒకే రిజిస్టరులో వేరువేరు పేజీలు నింపేవాళ్ళం. ఒకరోజు ఆయన నా పేజీలు తిరగేస్తూ ఆగిపోయారు.

"ఏటమ్మా, నీ ఎలకలన్నిటికీ పాదాలు పెద్దయి? మనిద్దరం పట్టీవి ఒకే ఎలకలు గదా."

నేను ఒక ఎలుక పాదం స్కేలు మీద పెట్టి ఎలా కొలిచానో చూపించాను. ఆయనకు తెలిసిపోయింది, నాకూ తెలిసిపోయింది. ఒక్కో అంకె నుంచి రెండు మిల్లీమీటర్లు తీసేస్తానన్నాను.

"ఎలా తీత్తావ్? ఒకదాని గోరు అరిగిపోయుంటాది, ఒకదానిది పెరిగుంటాది. నువ్వు గోర్లు కొలిసినావా?"

"లేదు."

"మరేటి తీత్తావ్? రాసినది కొట్టీకు. పేజీ పేజీకీ పక్కన రాయి, గోరుతో కలిపి కొలిసినానని. నువ్వు కొలిసినది తప్పు కాదు. ఎలా కొలిసినావో సెప్పకపోడం తప్పు."

ఆ సాయంత్రం ఐదు నెలల పేజీల పక్కన అదే వాక్యం రాశాను. చెయ్యి నొప్పి పుట్టింది. ఆయన ఇంటికి వెళ్ళిపోవచ్చు, వెళ్ళలేదు. ఎదురుగా కూర్చుని, నేను చివరి పేజీ మూసేదాకా, బోనుల స్ప్రింగులకు నూనె పెట్టారు.

ఎలుకను తోక కొస దగ్గర పట్టుకోవద్దని కూడా ఆయన చాలాసార్లు చెప్పేవారు. మొదలు దగ్గరే పట్టుకోవాలి. కొస దగ్గర పట్టుకుంటే తోక తోలు ఊడి చేతిలోకి వస్తుంది, ఎలుక పారిపోతుంది. ఇంత మామూలు సంగతి అన్నిసార్లు ఎందుకు చెప్తారో ఆయన రేకు డబ్బా చూపించిన రోజు తెలిసింది.

మందుబిళ్ళల డబ్బా అది. లోపల దూదిలో వేలెడు పొడవున ఎండిన తోలు గొట్టం ఉంది. సగం ముదురు గోధుమ రంగు. మిగతా సగం తెలుపు, దానిమీద పొడవాటి తెల్లటి వెంట్రుకలు.

ఉద్యోగంలో చేరిన కొత్తలో ఆయన యారాడ కొండకు గాజువాక వైపున్న వాలు మీద, జీడిమామిడి చెట్టు తొర్రలో ఒక ఎలుకను చూశారు. చెయ్యి పెట్టి పట్టుకున్నారు. చేతికి దొరికింది తోక కొస. తోలు చేతిలో మిగిలింది, ఎలుక రాళ్ళ సందులోకి పోయింది.

ఆ తెలుపు ఉన్న ఎలుక ఒకటే. తెల్లతోక అడవి ఎలుక. ఒళ్ళు బూడిద కలిసిన గోధుమ రంగు, పొట్ట తెలుపు, కళ్ళూ చెవులూ పెద్దవి, తోక ఒంటికంటే బాగా పొడవు, చివరి మూడో వంతు తెలుపు. దక్షిణాది అడవుల్లో, రాళ్ళ గుట్టల్లో, శ్రీలంకలో ఉంటుంది. ఆఫీసులో ఉన్న పుస్తకంలో అది దొరికిన చోట్లన్నీ పటం మీద చుక్కలుగా పెట్టారు. మన వైపు చుక్కలు లోపలి కొండల దగ్గర ఆగిపోయాయి. సముద్రం పక్కనున్న ఈ కొండ మీద చుక్క లేదు. ఆయన డబ్బా పట్టుకుని అప్పటి అధికారి దగ్గరికి వెళ్ళారు. ఒళ్ళు లేని తోక ఎలుక కాదు, ఆ కొండ మీద ఆ ఎలుక లేదు అని అధికారి చెప్పి పంపేశాడు.

నాకు కోపం వచ్చింది. ఆయనకు రాలేదు.

"మొదటి మాట నిజమే. తోకొక్కటే ఎలకెలాగవుద్ది? రెండో మాటే నానొప్పుకోను. దొరకనేదు అనాల. నేదు అనడానికి ఆయన కొండంతా తిరిగినాడేటి?"

డబ్బా మూత పెట్టి జేబులో వేసుకున్నారు. "ఒళ్ళూ తోకా ఉన్నదాన్ని పట్టుకొత్తాను. అప్పుడు సూద్దారి."

ఆయన రిటైరయ్యే నాటికి అది దొరకలేదు. నేను అప్పటికి గాజువాకలో ఒక కాలేజీలో జంతుశాస్త్రం చెప్తున్నాను. కొండ మీద చిన్న జంతువుల సర్వేకి మా కాలేజీ తరఫున అనుమతి తీసుకున్నాను. పట్టి, కొలిచి, ఫోటో తీసి వదిలేయాలి. అనుమతి కాగితంలో సహాయకుడు అన్నచోట ఆయన పేరు రాశాను. ఆ రోజు ఆయన ఆ కాగితం చాలాసేపు చేతిలో పట్టుకున్నారు. సహాయకుడినా అని అడుగుతారేమో అనుకున్నాను. "శనోరం ఎన్నింటికి?" అన్నారు.

ఏటా చలికాలమంతా శనివారం సాయంత్రం ఇరవై బోనులు పెట్టేవాళ్ళం, ఆదివారం తెల్లారి చూసుకునేవాళ్ళం. ఎర ఎండు నెత్తళ్ళ చేపలు. ఓడరేవులో ఆయన వాడిందీ అదే, ఇంట్లో ఎప్పుడూ ఉండేదీ అదే. ఒకసారి వాళ్ళ అరుగు మీద ఆయన నెత్తళ్ళు మూట కడుతుంటే ఆయన భార్య చేపలు తిరగేస్తూ అంది:

"కొండ మీదుండీ ఎలకకి నెత్తళ్ళేటి? అది ఎప్పుడైనా సంద్రం సూసిందా? జీడితోటలో ఉండీదానికి జీడిపప్పెట్టాల."

"మనమే తిన్నేదు, ఎలకకెట్టాలా?"

"మరైతే పడదు."

"ముప్పై ఏళ్ళు నెత్తళ్ళకే పట్టినాను."

"పట్టినావు, గోడౌన్లో ఎలకల్ని. అయి మన సుట్టాలు."

ఆయన నవ్వారు గానీ ఎర మార్చలేదు. మొండితనం ఆయనకు అవసరమైనచోటే కాక, అనవసరమైనచోట కూడా ఉండేది. ఇది కూడా రాయాలి.

మూడో చలికాలం ఒక ఆదివారం పదకొండో బోనులో ఒక ఎలుక పడింది. ఆయన రెండుసార్లు తట్టి, గుడ్డ సంచిలోకి దింపి, సంచి మూతి మెల్లగా వదులు చేశారు. బూడిద కలిసిన గోధుమ రంగు. పొట్ట తెలుపు. పెద్ద కళ్ళు. నేను మోకాళ్ళ మీద దగ్గరికి జరిగాను. ఆయన తోక బయటికి తీశారు. తోక సగంలో ఆగిపోయింది. ఎప్పుడో తెగి, గాయం మాని, కొస నున్నగా ఉంది.

మిగతావన్నీ కొలిచాం. అన్నీ ఆ జాతికి సరిపోయాయి.

"బాబాయ్, ఇదే. రాసేద్దాం."

"తెలుపు సూసినావా?"

"తోక ఉంటే కనిపించేది."

"ఉంటే."

"అంత పొడవు పాదం, ఆ చెవులు, ఆ రంగు. ఇంకేం కావాలి? ఎవరికి తెలుస్తుంది బాబాయ్?"

ఆయన సంచిలోంచి బయటికొచ్చిన ముక్కును చూపించారు. "ఇదిగో, దీనికి తెల్దా ఏటి?"

నేను నవ్వలేదు. పుర్రె, పళ్ళు చూస్తే తేలిపోతుందన్నాను. పుర్రె చూడాలంటే చంపాలి, దానికి వేరే అనుమతి అడుగుతానన్నాను. అందాకా బోనులోనే ఉంచుదామన్నాను. ఆయన తల అడ్డంగా ఊపారు.

"ఓడరేవులో ఎలకల్ని సంపడం నా డ్యూటీ. కొండ మీద నాకు డ్యూటీ నేదు."

సంచిని రాళ్ళ పక్కన పెట్టి మూతి విప్పారు. ఎలుక ఒక క్షణం ఆగి, పోయింది. రిజిస్టరులో ఆయనే రాశారు. తోక: తెగినది. జాతి: తెలియదు.

తిరిగి ఆటోలో వచ్చాం. ఆయనకు అరవై ఎనిమిదేళ్ళు. ఇంకా ఎన్ని చలికాలాలు కొండెక్కగలరని లెక్కవేస్తున్నాను. నా కోపం ఆ ఎలుక మీద కాదు, ఆయన మీద కూడా కాదు. గాజువాకలో దిగి టీ తాగాం. గ్లాసు కింద పెట్టి, నేను అడగకుండానే ఆయన జవాబిచ్చారు.

"ఆదివారాలు అయిపోనేదు గదా."

ఆ వచ్చిన వానాకాలంలో ఆయనకు గుండెపోటు వచ్చింది. ఆస్పత్రికి చేరేలోపే పోయారు. నేను వెళ్ళేసరికి అరుగు నిండా మనుషులున్నారు. గోడకు ఆనించి ఇరవై బోనులూ వరసగా ఉన్నాయి, ఎవరో వాటిమీద తువ్వాళ్ళు ఆరేశారు.

చెక్క వచ్చాక నేను చాలా రోజులు దాన్ని ముట్టుకోలేదు. కార్తీకం వచ్చి చలి మొదలయ్యాక బోనులు తెచ్చుకున్నాను. జీడిపప్పు, కాల్చిన కొబ్బరి ముక్క ఎరగా పెట్టాను. ఒక్కదాన్నే పెట్టి, ఒక్కదాన్నే చూసుకున్నాను. ఆరు ఆదివారాలు రిజిస్టరులో దొరకలేదు అని రాశాను. లేదు అని రాయలేదు.

ఏడో ఆదివారం పద్నాలుగో బోను మూసుకుని ఉంది. రెండుసార్లు తట్టాను. సంచిలోకి దింపాను. తోక మొదలు పట్టుకుని బయటికి తీశాను. ముదురు గోధుమ రంగు, మూడింట రెండు వంతుల దాకా. అక్కణ్ణుంచి కొస దాకా తెలుపు.

అక్కడే నేల మీద కూర్చున్నాను. కిందుగా ఒక వైపు స్టీల్ ప్లాంటు పొగ గొట్టాలు, ఇంకో వైపు సముద్రం. ఎవరికైనా చెప్పాలనిపించింది, చుట్టూ ఎవరూ లేరు. ఫోటోలు తీశాను. చెక్క ఒడిలో పెట్టుకుని కొలిచాను. ఒళ్ళు నూట అరవై రెండు మిల్లీమీటర్లు. తోక రెండు వందల ఆరు, కొస వెంట్రుకలు కలపకుండా. అందులో తెలుపు డెబ్బై. వెనక పాదం ముప్పై ఆరు, గోరు వదిలేసి.

చెవి మిగిలింది. చెవి కొలవాలంటే ఒక చెయ్యి ఒంటిని, ఒక చెయ్యి తలను, ఒక చెయ్యి స్కేలును పట్టుకోవాలి. అది ఇద్దరి పని. ఎలుక మెలితిరిగింది. గట్టిగా నొక్కితే చచ్చిపోతుందేమోనని పట్టు సడలించాను. రాయి మీదికి దూకింది. తెల్లటి కొస రాళ్ళ సందులోకి పోవడం చూశాను.

దేశంలోని జంతువులు ఎక్కడెక్కడున్నాయో పటం తయారుచేసే ఒక సంస్థ ఉంది. వాళ్ళ ఆన్‌లైన్ ఫారం నింపాను. ఫోటోలు పెట్టాను. చెవి గడి ఖాళీగా ఉంటే ఫారం వెళ్ళలేదు, గడి చుట్టూ ఎర్ర గీత వచ్చింది. ఫోన్ చేశాను. అవతలి అమ్మాయి మర్యాదగానే మాట్లాడింది.

"కొలత లేకుండా సిస్టమ్ తీసుకోదు మేడం. సుమారుగా వేసేయండి. ఆ జాతికి ఇరవై నాలుగు నుంచి ఇరవై ఎనిమిది దాకా ఉంటుంది కదా. ఇరవై ఆరు వేస్తే ఎవరూ అడగరు."

ఆమె చెప్పింది బహుశా నిజమే. ఇరవై ఆరు అని కొట్టాను. ఎర్ర గీత పోయింది. ఒక్కసారి నొక్కితే ఆ కొండ మీద చుక్క పడుతుంది. ఆయన ఉద్యోగంలో చేరినప్పటినుంచి పడాల్సిన చుక్క. కాసేపు దాన్ని చూసి, చెరిపేశాను. ఫారం అలాగే దాచిపెట్టి, జాలరి పేటకు బస్సెక్కాను.

ఆయన భార్య అరుగు మీద చేపలు శుభ్రం చేస్తోంది.

"దొరికింది పిన్నీ."

కత్తి పక్కన పెట్టింది. చేతులు కడుక్కుని, చీరకొంగుతో తుడుచుకుని, ఫోన్ తీసుకుంది. ఫోటో చాలాసేపు చూసింది.

"తెల్లగానే ఉన్నాది."

"ఊఁ."

"నెత్తళ్ళకా, జీడిపప్పుకా?"

"జీడిపప్పుకే."

"సెప్తే యిన్నాడేటి" అంది. కళ్ళు తుడుచుకోలేదు. ఫోన్ తిరిగి ఇచ్చింది. "అన్నీ కొలిసినావా?"

"చెవి కొలవలేదు. చెయ్యి చాలక పారిపోయింది. చెవి లేకపోతే పటంలో ఎక్కించరట."

"ఉజ్జాయింపుగా ఏసీనేకపోనావా?"

"వేశాను. చెరిపేశాను."

నా ముఖంలోకి చూసి నవ్వింది. ఆయన పోయాక ఆమె నవ్వగా చూడడం అదే మొదటిసారి.

"నీకూ ఆ రోగం అంటించీసినాడు."

మళ్ళీ కత్తి అందుకుంది. రెండు చేపలు అయ్యాక, తల ఎత్తకుండా అడిగింది.

"శనోరం మళ్ళీ బోన్లెడతావా?"

"పెడతాను."

"నానొత్తాను. నువ్వు కొలు, నాను పట్టుకుంటాను. బతికున్న సేపల్ని జారకండా పట్టుకున్న సేతులియి. ఎలకెంత."

ఆమెకు ఎలుకలంటే అసహ్యం. ముప్పై ఏళ్ళు ఆయన తొడుగులను గుమ్మం బయటే ఉంచింది. ఆ మాట గుర్తుచేయలేదు. అనుమతి కాగితం గురించి మాత్రం చెప్పాను. కొండ మీదికి రావాలంటే అందులో పేరుండాలి. సహాయకుడు అన్నచోట ఇంకా ఆయన పేరే ఉంది, మార్పించాలి.

"కొట్టీకు" అంది. "కింద నాది రాయి."